చట్టం సరే, ఆయన పేరేదీ?

కరీబియన్ దేశం డొమినికన్ రిపబ్లిక్ సొంత కథలు తెరకెక్కడానికి 2010 నాటి సినిమా చట్టమే కారణమని అక్కడి సినిమాల గురించి మీరు వేసిన వ్యాసంలో రాశారు. సగమే ఒప్పుకుంటానండి. అక్కడి కంపెనీలు కట్టాల్సిన ఆదాయపు పన్నులో 25 శాతం దాకా స్థానిక సినిమాల్లో పెట్టొచ్చు, నిజమే. కానీ అలా డబ్బు పెట్టేవాళ్లు సహజంగానే కామెడీ సినిమాల వైపే చూస్తారు కదా.

అలా కాని సినిమా కావాలంటే డొమినికన్ దర్శకుడు నెల్సన్ కార్లో డె లాస్ సాంతోస్ ఆరియాస్ 2017లో తీసిన 'కోకోతె' చూడండి. హీరో డబ్బున్నవాళ్ల ఇంట్లో తోటమాలి, ఇవాంజెలికల్ (ఒక ప్రొటెస్టెంట్ శాఖ) క్రైస్తవుడు. తండ్రి పోయాడని ఊరికెళ్తే తొమ్మిది రోజుల ప్రార్థనల తంతులో కూర్చోమంటారు. అది అతని మతానికి పడదు. ఆ పాటలు, ఏడుపులు, చుట్టాల అరుపులు... నాకు తలనొప్పి వచ్చింది, అయినా లేవలేకపోయాను. స్విట్జర్లాండ్‌లోని లొకార్నో చిత్రోత్సవంలో దానికి అవార్డు కూడా వచ్చింది.

2024లో ఆయనే తీసిన 'పెపె'కి బెర్లిన్ చిత్రోత్సవంలో ఉత్తమ దర్శకుడిగా సిల్వర్ బేర్ అవార్డు. నిర్మాతల్లోనూ ఆయన ఒకరు. చచ్చిపోయిన నీటిగుర్రం, అదీ కొలంబియా డ్రగ్స్ డాన్ పాబ్లో ఎస్కోబార్ జూలోది, కథ చెబుతుంది! (ఇది డొమినికన్ కథ కాదనుకోండి.) ఏ పన్ను రాయితీ ఇస్తుందండీ ఆ ఐడియా?

అక్కడి హువాన్ దోలియో ఊళ్లోని స్టూడియోలో, నీళ్ల సీన్లు తీసే ట్యాంకు గురించి మీ వ్యాసంలో మూడు పేరాలు రాశారు. ఈయన పేరు ఒక్కసారి కూడా రాయలేదేం?