సవరణ: ఇద్దరు మొగిలయ్యలు

జానపదాన్ని సినిమాలోకి తెచ్చిన సంగీత దర్శకులపై రాసిన పోస్టులో, 'బలగం' చివరి పాట పాడింది పద్మశ్రీ పొందిన కిన్నెర మొగిలయ్య అని వచ్చింది. అది సరికాదు, ఆయన వేరు.

నాగర్‌కర్నూల్ ప్రాంతపు దర్శనం మొగిలయ్య పన్నెండు మెట్ల కిన్నెర (తీగ వాయిద్యం) వాయిస్తూ జానపద వీరుడు పండుగ సాయన్న కథ చెబుతారు. 2021లో తమన్ 'భీమ్లా నాయక్' టైటిల్ పాటను ఆ గొంతుతోనే మొదలుపెట్టారు. 2022లో పద్మశ్రీ వచ్చింది.

'బలగం' (2023)లో భీమ్స్ సంగీతంలో అందరినీ ఏడిపించింది ఊరూరా కథలు పాడే బుడగ జంగాల దంపతులు కొమురమ్మ, పస్తం మొగిలయ్య. వరంగల్ వైపు వాళ్లు. చావింట కథ చెప్పే పద్ధతినే తెరకెక్కించారు, అందుకే అది సినిమా పాటలా అనిపించదు. ఈ మొగిలయ్య 2024 డిసెంబరులో చనిపోయారు. పేరు ఒకటే కావడంతో ఇద్దరినీ ఒకరే అనుకోవడం తేలిక!