క్రికెట్ గేమ్‌లో వాన పడాల్సిందే

బెంగళూరు మారతహళ్లి పీజీల్లో మన తెలుగు కుర్రాళ్లు నలుగురు కూర్చుంటే పాత క్రికెట్ గేముల ప్రస్తావన రాక మానదు. ఎక్కువమంది ఈఏ కంపెనీ వాళ్ల క్రికెట్ 07 గురించి, అందులో రిచీ బెనో కామెంటరీ గురించి చెబుతారు. నా మనసు మాత్రం 1998లో మొదలైన ఇంటర్నేషనల్ క్రికెట్ కెప్టెన్ మీదే. అందులో బ్యాట్ మన చేతిలో ఉండదు. జట్టును ఎంచుకోవాలి, ఫీల్డింగ్ పెట్టాలి, బ్యాటర్ ఎంత దూకుడుగా ఆడాలో చెప్పాలి. మిగతాదంతా కంప్యూటర్ ఇష్టం. వాన కూడా.

ఆ వానను అప్పట్లో తిట్టుకోని వాడు లేడు. నాలుగు రోజుల కౌంటీ మ్యాచ్‌లో (ఇంగ్లండ్ దేశవాళీ మ్యాచ్) ఇంకో రెండు వికెట్లు తీస్తే గెలుపు అనుకునేసరికి ఓవర్లు కొట్టుకుపోయి డ్రా అయ్యేది. ఇంకోసారి చేజారిపోయిన మ్యాచ్‌ను అదే వాన కాపాడేది. అందులో న్యాయం లేదు, నిజమే. కానీ ఇన్నింగ్స్ డిక్లేర్ చేయడానికి బరువు వచ్చింది ఆ వాన వల్లే. ఇంకో యాభై పరుగులు కలుపుకుందామా, రేపు ఆట సాగుతుందో లేదో కాబట్టి ఇప్పుడే ఆపేద్దామా? ఆ టెన్షన్‌ను ఎంత గొప్ప గ్రాఫిక్స్ అయినా ఇవ్వలేవు.

కెప్టెన్ పని ఎంత కష్టమో 2024 అక్టోబర్‌లో మన చిన్నస్వామి స్టేడియమే చూపించింది. న్యూజీలాండ్‌తో టెస్టులో తొలిరోజు పూర్తిగా వాన పాలైంది. మర్నాడు ఆకాశం నిండా మబ్బులు. పిచ్ అప్పటిదాకా కవర్ల కిందే ఉంది, అంటే పేస్ బౌలర్లకు పండగే. అయినా టాస్ గెలిచిన రోహిత్ శర్మ బ్యాటింగ్ తీసుకున్నాడు. భారత్ 46 పరుగులకే ఆలౌట్, అందులో ఐదుగురు డకౌట్. సొంతగడ్డ మీద మనవాళ్లు టెస్టుల్లో ఇంత తక్కువకు ఎప్పుడూ కుప్పకూలలేదు. అదే జట్టు అదే పిచ్ మీద రెండో ఇన్నింగ్స్‌లో 462 చేసింది. అయినా మ్యాచ్ మాత్రం దక్కలేదు.

మైదానం కింది నుంచి నీళ్లను లాగేసే సబ్‌ఎయిర్ వ్యవస్థను ఇక్కడ 2017లోనే పెట్టారు. వాన తగ్గాక అది బాగా పనికొస్తుంది. కురుస్తూనే ఉంటే ఏ యంత్రమూ ఏమీ చేయలేదు. 2025 మే 17న బెంగళూరు, కోల్‌కతా ఐపీఎల్ మ్యాచ్ ఒక్క బంతి పడకుండానే రద్దయింది, దాంతో కోల్‌కతా ప్లేఆఫ్ ఆశలు పోయాయి. అంతకు నెల ముందు పంజాబ్‌తో మ్యాచ్‌ను 14 ఓవర్లకు కుదించారు.

ఇప్పుడు మెట్రోలో ఫోన్ మీద ఆడుకునే రెండు, ఐదు ఓవర్ల ఆటల్లో ఇలాంటి వానకు చోటు దొరకడం కష్టమే. ఆడేవాడికి దొరికేదే పది నిమిషాలు, అందులో వాన వచ్చిందని ఆట ఆపేస్తే ఎవరికైనా విసుగొస్తుంది. కానీ ఆపక్కర్లేదు కదా! వాన వల్ల ఓవర్లు పోతే లక్ష్యాన్ని మళ్లీ లెక్కగట్టడానికి 1997 నుంచి వాడుకలో ఉన్న, ఇప్పుడు డక్‌వర్త్ లూయిస్ స్టెర్న్ అంటున్న పద్ధతిలో పరుగులతో పాటు చేతిలో ఎన్ని వికెట్లున్నాయన్నదీ లెక్కే. ఛేజింగ్ మధ్యలో మబ్బులు కమ్ముకోవాలి. నాలుగో ఓవర్‌తోనే మ్యాచ్ ముగిసిపోవచ్చని ఆడేవాడికి అనుమానం రావాలి. అప్పుడు ప్రతి బంతికీ సిక్స్ కొట్టాలా, వికెట్ కాపాడుకుంటూ ఆ క్షణానికి కావాల్సిన స్కోరు కంటే ఒక్క పరుగు ముందుంటే చాలా అని ఆలోచిస్తాడు. అలా ఆలోచింపజేసే గేమ్‌ను మొబైల్‌లోకి ఎవరైనా తెస్తే, ఉచితంగా ఇవ్వకపోయినా సరే, నేను కొనుక్కుంటాను.