'పీనా, సీనా?' గారికి ఒక కడప తండ్రి ఉత్తరం

మహారాజశ్రీ 'పీనా, సీనా?' గారికి,

కడప నుంచి ఒక ఇంటర్ అమ్మాయి తండ్రి నమస్కరించి రాయునది. ఎండ సంగతి పక్కన పెడితే ఇక్కడ మేమంతా క్షేమం. మీ క్షేమం అడగాల్సిన పని లేదు. నిన్న రాత్రి తొమ్మిదిన్నరకు సంగటి ముద్ద నోట్లో పెట్టుకోబోతుంటే మా పాప పుస్తకం పట్టుకొచ్చి "నాయనా, ఇది పీనా, సీనా?" అనడిగింది. ముప్ఫై ఏళ్ల కింద నేను మా సార్‌ను అడిగిందీ అదే, అదే ఏడుపు గొంతుతో. నాకు జుట్టు నెరిసింది. మీరు మాత్రం అప్పుడెట్లా ఉన్నారో ఇప్పుడూ అట్లే ఉన్నారు.

మిమ్మల్ని ఎరగని అదృష్టవంతుల కోసం ఒక మాట. ఇంటర్ లెక్కల్లో ప్రస్తారాలు, సంయోగాలు అని ఒక పాఠం. వరుస మారితే కొత్తదిగా లెక్కపెట్టేది ప్రస్తారం, దాని గుర్తు పీ. ఎవరెవరున్నారన్నదే తప్ప వరుసతో పని లేనిది సంయోగం, దాని గుర్తు సీ. ఇంతవరకు గొడవ లేదు. గొడవంతా మీతోనే. పిల్లలు లెక్క చదవకముందే వచ్చి గడప మీద కూర్చుంటారు. పీయో సీయో తేల్చందే లోపలికి పోనివ్వరు.

మీకు నైవేద్యం ఎట్లా పెట్టాలో మా ట్యూషన్ సార్ నేర్పించారు. 'అమర్చు', 'కూర్చోబెట్టు' అని కనబడితే పీ. 'ఎంచు', 'జట్టు', 'కమిటీ' అని కనబడితే సీ. మిగతా వాక్యం చదవడం టైమ్ వేస్టు.

సరే, మా ఏడు రోడ్ల సర్కిల్‌కు రండి. ఒక రోడ్డున వచ్చి ఇంకో రోడ్డున పోవాలి. ఎన్ని రకాలు? అమర్చేది లేదు, ఎంచేది లేదు. వచ్చే రోడ్డు ఏడింటిలో ఏదైనా కావచ్చు, పోయేది మిగతా ఆరింటిలో ఏదో ఒకటి, కాబట్టి 42. పర్సు ఇంట్లో మర్చిపోయి వచ్చిన రోడ్డునే వెనక్కి తిరిగితే? అదీ కలిపితే 49. రిపేరుకని రెండు రోడ్లు మూసేస్తున్నారు, ఏ రెండు? ఇప్పుడు 21. రోడ్లు ఏడే, సర్కిల్ ఒక్కటే, జవాబులు మూడు. మారిందల్లా మనం దేన్ని లెక్కపెడుతున్నామన్నది. "యాడికి పోవాల్నా?" అని అడిగాకే బండి స్టార్ట్ చేసే మా ఆటో అన్నకు ఈ సంగతి తెలుసు. మీకే తెలియదు.

మీ పుణ్యమా అని నాకు 257 అనే అంకె ఇప్పటికీ నోటికొచ్చు. మాస్టర్ అనే ఇంగ్లీషు మాటలోని ఆరు అక్షరాలను అన్ని రకాలుగా మార్చి, వచ్చిన 720 మాటలను డిక్షనరీ వరుసలో పేరిస్తే దాని ర్యాంకు 257. ప్రిజన్‌ది 438. పాత ల్యాండ్‌లైన్ నంబర్ల లాగా గుర్తున్నాయి. ఫోన్ చేస్తే అవతల ఎవరెత్తుతారో మాత్రం తెలియదు.

ఆ రోజుల్లో మా పక్క గదిలో తెలుగు అయ్యవారు ఛందస్సు చెప్పేవారు. గురువు, లఘువు, రెండే. మూడు అక్షరాలకు ఒక గణం. మరి గణాలు ఎనిమిదే ఎందుకు, తొమ్మిదోది ఎందుకు లేదు? ఒక్కో చోట రెండు అవకాశాలు, మూడు చోట్లు, రెండు రెళ్లు నాలుగు, నాలుగు రెళ్లు ఎనిమిది. ఆయన బల్ల మీద బెత్తంతో తాళం వేస్తూ వల్లె వేయించిన 'యమాతారాజభానసలగం' ఉంది చూశారూ, అందులో అక్షరాలు పదే. ఎక్కడ మొదలుపెట్టి వరుసగా మూడు తీసుకున్నా ఒక గణం వస్తుంది. ఎనిమిదీ వస్తాయి, ఒక్కొక్కటి ఒక్కసారే. ఏదీ మిగలదు, ఏదీ రెండోసారి రాదు. లెక్కపెట్టడమంటే ఇదీ అని మాకు ఎవరూ చెప్పలేదు. ప్రస్తారం అన్న మాటే ఛందస్సుదని, ఛందశ్శాస్త్రం రాసిన పింగళుడి నాటి నుంచీ వస్తోందని నాకు తెలిసేసరికి పెళ్లై పాప కూడా పుట్టింది. రెండు గదుల మధ్య ఉన్నది ఇటుక గోడే, కానీ మీరు కాపలా.

ఉగాది పచ్చడి దగ్గరా అంతే. ఆరు రుచులతో ఎన్ని మిశ్రమాలంటే 63 అని పాత వైద్య గ్రంథం సుశ్రుత సంహితలోనే ఉంది. ఒక్కొక్క రుచి వేయడమా, మానడమా? ఆరు రుచులకు రెండును ఆరుసార్లు వేసి హెచ్చిస్తే 64. ఏదీ వేయని ఖాళీ గిన్నె తీసేస్తే 63. నమ్మకపోతే ఒక్కో రుచితో 6, రెండేసితో 15, మూడేసితో 20, నాలుగేసితో 15, అయిదేసితో 6, అన్నీ కలిపి 1, కూడి చూసుకోండి.

ఒకే కుప్పను రెండు దారుల్లో లెక్కపెట్టి, రెండూ ఒకటేనని చూపడం కూడా ఉపపత్తే, అంటే నిరూపణే. ఈ ముక్క నమ్మి నేను ఒకసారి చెడ్డాను. హాఫ్ ఇయర్లీ పరీక్షలో ఒక సూత్రం నిరూపించమన్నారు: ఎన్‌లో ఆర్‌ను, ఎన్‌లో ఆర్ మైనస్ ఒకటిని ఎంచే రకాలు కూడితే, ఎన్ ప్లస్ ఒకటిలో ఆర్‌ను ఎంచే రకాలు వస్తాయని. నేను పెళ్లి జీపు రాశాను. జీపులో సీట్లు ఆర్. ఎక్కాల్సిన వాళ్లు ఎన్ మంది బంధువులు, పైన మేనమామ ఒకడు. మామ ఎక్కితే ఒక సీటు ఆయనది, మిగతా సీట్లు ఎన్ మందితో నింపాలి. అలిగి ఎక్కకపోతే అన్ని సీట్లూ ఆ ఎన్ మందితోనే నింపాలి. మామ ఎక్కుతాడు, లేదా ఎక్కడు. మూడో దారి లేదు (వెనక వేలాడటం లెక్కలోకి రాదు). అయిపోయింది.

మార్కులు సున్నా. పక్కన ఎర్ర ఇంకుతో 'కథలు రాయొద్దు'. నా పక్కవాడు పేజీ నిండా ఫ్యాక్టోరియల్స్ నింపి, కింద 'కావున నిరూపించబడింది' అని గీత కొట్టాడు. ఫుల్ మార్కులు. మధ్యలో ఒక లైను ఎట్లా వచ్చిందిరా అంటే "అది గైడులో ఉండాది బ్బా" అన్నాడు.

ఇక నిన్న రాత్రి సంగతి. అయిదుగురు మగవాళ్లు, నలుగురు ఆడవాళ్లు. ముగ్గురితో కమిటీ, కనీసం ఒక ఆడమనిషి ఉండాలి. "కమిటీ అంటే సీనే గదా మా" అన్నాను ధీమాగా. పాప చకచకా వేసింది. ముందు నలుగురిలో ఒకామెను తీసుకుంటే 4. మిగిలిన ఎనిమిది మందిలో ఎవరైనా ఇద్దరు, 28. హెచ్చిస్తే 112.

ఆడామగా చూడకుండా తొమ్మిది మందిలో ముగ్గురిని ఎన్ని రకాలుగా తీయొచ్చో కూడా వేయమన్నాను. 84 వచ్చింది. అంటే ఊళ్లో ఓటర్లు 84, పోలైన ఓట్లు 112. దొంగ ఓట్లు ఎక్కడ పడ్డాయి? సీ తప్పా? కాదండీ. మీ ప్రశ్నకు మేం సరైన జవాబే చెప్పాం. సీ సీయే. అయినా లెక్క తప్పు.

పాప పుస్తకం మూసి, మా వీధి వాళ్ల పేర్లతో రాయడం మొదలుపెట్టింది. ముందు లక్ష్మత్తను తీసుకుని తర్వాత సుబ్బమ్మవ్వను, రెడ్డి మామను కలిపింది. ఇంకో చోట ముందు సుబ్బమ్మవ్వ, తర్వాత లక్ష్మత్త, రెడ్డి మామ. "నాయనా, ఇదీ అదీ ఒకే కమిటీ!" ఇద్దరు ఆడవాళ్లున్న కమిటీ రెండుసార్లు పడుతోంది, ముగ్గురున్నది మూడుసార్లు. అందరూ మగవాళ్లే అయిన 10 కమిటీలు 84లోంచి తీసేసింది. 74. నమ్మకం కుదరక విడివిడిగా కూడా వేసింది: 40, 30, 4. అదీ 74. నేను మెచ్చుకోబోయేలోపే సంగటి చల్లారిపోయిందని వాళ్లమ్మ కేకేసింది.

కాబట్టి తమరు ఇకమీద మా ఇంటికి వస్తే రండి, కాదనం. అయితే లెక్క చదివిన తర్వాత రండి.

ఇట్లు,
జీపు కథకు సున్నా తెచ్చుకున్న ఒకడు

తా.క. టీవీ పెడితే చాలు ఒకటి, ఒకటి, ఒకటి అని ర్యాంకులు అరుస్తున్నారని, పడుకోబోయే ముందు పాప మా ఊరి ర్యాంకు కూడా తీసింది. క, డ, ప. వరుసలు ఆరు. నిఘంటువు క్రమంలో పేరిస్తే అన్నిటికంటే ముందు వచ్చేది కడప. కోచింగ్ లేకుండానే ఫస్ట్ ర్యాంకు.