స్పెల్లింగ్ మారితే ఓడ మారిపోదు

పాత యుద్ధనౌకల చరిత్ర మీద ఆసక్తి ఉన్నవారి మధ్య ఒక వాదన విరివిగా చలామణీ అవుతోంది. ప్రతి నౌకకూ సరైన స్పెల్లింగ్ ఒక్కటే ఉంటుందనీ, పత్రంలో పేరు వేరుగా కనబడితే అది మరో ఓడ గానీ నకిలీ పత్రం గానీ అయి తీరాలనీ, పాత పేర్లన్నిటినీ నేటి రూపానికి దిద్దేస్తే గొడవ వదులుతుందనీ దాని సారాంశం. వినడానికి సబబుగానే ఉన్న ఈ మాటల్లో ఒక్కటీ పత్రాల ముందు నిలబడదు.

స్పెల్లింగ్ మారితే ఓడ వేరన్న మాటనే ముందుగా చూద్దాం. అమెరికా నౌకాదళపు ఆవిరి ఫ్రిగేట్ మెరిమాక్ 1855లో బోస్టన్‌లో జలప్రవేశం చేసింది. దానికి పెట్టింది ఒక నది పేరు. ఆ పేరు ఇంగ్లీషులో 'సి', 'కె' అక్షరాలతో ముగుస్తుంది. అయితే ఉత్తర, దక్షిణ రాష్ట్రాల మధ్య జరిగిన అమెరికా అంతర్యుద్ధ కాలపు ఉత్తరాల్లోనూ పత్రికల్లోనూ చివరి 'కె' ఎగిరిపోయిన రూపం కొల్లలుగా కనబడుతుంది. దీన్ని గుమాస్తాల అజ్ఞానమని కొట్టిపారేయడానికీ వీల్లేదు, ఎందుకంటే అదే నది ఒడ్డున 1876లో ఏర్పడిన మసాచుసెట్స్ పట్టణం తన పేరును అధికారికంగానే 'కె' లేకుండా రాసుకుంది.

1861 ఏప్రిల్‌లో నార్ఫోక్ దగ్గరి గాస్పోర్ట్ నౌకాదళ యార్డును వదిలిపోతూ ఉత్తరాది సేనలు ఈ ఓడకు నిప్పుపెట్టి ముంచేశాయి. దక్షిణాది వారు దాన్ని పైకి తీసి, ఇనుప కవచం తొడిగి, వర్జీనియా అని కొత్త పేరు పెట్టారు. 1862 మార్చి 8న ఉత్తరాది యుద్ధనౌక కంబర్‌లాండ్‌ను ముంచి, మర్నాడు ఉత్తరాది వారి ఇనుప కవచపు నౌక మానిటర్‌తో తలపడిన ఈ నౌకను ఉత్తరాది వారు మాత్రం పాత పేరుతోనే, ఒకచోట 'కె'తో, మరోచోట 'కె' లేకుండా, రాస్తూ వచ్చారు. పై సూత్రాన్ని నమ్మితే ఆ రోజు హాంప్టన్ రోడ్స్ జలాల్లో మానిటర్‌తో పోరాడినవి మూడు ఓడలని తేలుతుంది, ఉన్నది ఒక్కటే.

పోనీ, 'కె' లేని పేరును ఎప్పుడూ ఈ ఓడకే కట్టబెడదామా అంటే అదీ కుదరదు. 1864లో పక్కల తెడ్డు చక్రాలున్న ఒక ఆవిరి నౌకకూ, 1898లో క్యూబాలోని సాంటియాగో రేవు ముఖద్వారాన్ని మూసేసే ప్రయత్నంలో మునిగిన బొగ్గు ఓడకూ ఆ రూపమే అసలు పేరు. ఏ ఓడో తేల్చేది పత్రం మీది తేదీ, రేవు, కెప్టెన్ పేరు, ఫిరంగుల సంఖ్య. స్పెల్లింగ్ ఒక్కటీ ఏదీ తేల్చదు.

స్పెల్లింగ్ ఒకటైతే ఓడా ఒకటే అన్న తిరుగు వాదానికి బ్రిటిష్ నౌకాదళంలో హిందోస్తాన్ అన్న పేరు మోసిన ఓడలే జవాబు. ఈస్టిండియా కంపెనీ వ్యాపారంలో తిరిగి, 1795లో నౌకాదళం కొన్నది మొదటిది. అది 1804లో తగలబడిపోయింది. రెండోది కలకత్తాలో కట్టినది, మూడోది 1841 నాటిది. ఈ మూడింటి పేర్లలోనూ ఇంగ్లీషు 'ఓ' అక్షరమే ఉంది. 1903లో వచ్చిన నాలుగో ఓడను, అంటే హిందుస్తాన్ అనే యుద్ధనౌకను, 'యు'తో రాశారు. మూడో ఓడ పేరు 1905లో మార్చేదాకా 'ఓ' నౌకా, 'యు' నౌకా ఒకే దళంలో ఉన్నాయి. అక్కడ ఒక్క అక్షరం తేడా నిజంగానే రెండు ఓడల తేడా!

నకిలీ అన్న ఆరోపణ మరీ తేలిక మాట. రష్యా క్రూయిజర్ వర్యాగ్‌నే తీసుకోండి. ఫిలడెల్ఫియాలో కట్టిన ఈ ఓడను 1904 ఫిబ్రవరిలో కొరియాలోని చెముల్పో రేవు దగ్గర జపాన్ దళంతో పోరాడాక దాని సిబ్బందే ముంచేశారు. ఆ పేరును ఇంగ్లీషు, ఫ్రెంచి, జర్మన్ వారు ఎవరి ఉచ్చారణ పద్ధతిలో వారు రాసుకున్నారు. రష్యన్‌లో సైతం ఆ కాలపు రాతలో పేరు చివర పలకని కఠిన చిహ్నం ఒకటి ఉండేది; 1918 నాటి లిపి సంస్కరణతో అది పోయింది. 1904 నాటిదని చూపే రష్యన్ పత్రంలో పేరు అచ్చం నేటి రూపంలో కనబడితేనే నాకైతే అనుమానం కలుగుతుంది.

ఇక దిద్దేయాలన్న సలహా. 1804లో మన విశాఖ రేవు ముందు బ్రిటిష్ నౌక సెంచూరియన్ ఫ్రెంచి ఓడలను ఎదుర్కొన్న పోరు, ఆనాటి ఇంగ్లీషు రాతల్లో 'వైజాగపటం' అన్న ఊరి పేరుతో ఉంటుంది. నేటి పేరుతో వెతికేవారికి అది దొరకాలంటే పాత పేరును చెరిపేయనక్కర్లేదు. పత్రంలో ఉన్నది ఉన్నట్టుగా ఎత్తి రాసి, నేటి రూపాన్ని పక్కన వేరే సూచికగా చేర్చితే చాలు. అలా కాక, హిందోస్తాన్‌లోని 'ఓ'ను ఎవరో శుభ్రంగా 'యు'గా దిద్దేశారనుకోండి; 1904 నాటి ఉత్తరంలో ఉన్నది అప్పటికే ముసలిదైపోయిన, 1841 నాటి 80 ఫిరంగుల చెక్క ఓడా, కొత్త ఉక్కు యుద్ధనౌకా అన్నది ఆ తర్వాత వచ్చే పరిశోధకుడు పేరు చూసి తెలుసుకునే దారి మూసుకుపోతుంది.