బీరువాలో సమన్లు

కోర్టు అమీనా ఇచ్చిన సమన్లను బీరువాలో పెట్టి ‘వాయిదా నాటికి చూద్దాంలే’ అనుకోవడం మన జిల్లాల్లో మామూలే. సివిల్ ప్రొసీజర్ కోడ్ 37వ ఆర్డర్ కింద వేసిన సమ్మరీ దావాలో (పూర్తి విచారణ లేకుండా త్వరగా తేల్చే దావా) ఆ తీరిక ఉండదు. ప్రోనోటు, హుండీ (వ్యాపారుల చెల్లింపు పత్రం), రాతపూర్వక ఒప్పందం కింద రావలసిన ఖాయమైన సొమ్ము వంటివాటికే ఈ దారి. చిత్తూరులో మామిడి గుజ్జు వ్యాపారికైనా, తిరుపతిలో చిల్లర దుకాణదారుకైనా ఇది తగలొచ్చు.

ముందు దావా నంబరు కింద చూడాలి. ఆర్డర్ 37 కింద అని అక్కడ రాసి ఉంటే, సమన్లు అందిన 10 రోజుల్లో హాజరు దాఖలు చేసి, నోటీసులు అందుకునే చిరునామా ఇవ్వాలి. ఆ సంగతి అదే రోజు వాది వకీలుకు తెలియజేయాలి. వకాలత్ పడింది కదా, రిటన్ స్టేట్‌మెంట్ (దావాకు జవాబు) నెమ్మదిగా వేద్దామని ఊరుకుంటే దెబ్బ తినేది ఇక్కడే. తర్వాత వాది తన అఫిడవిట్‌తో తీర్పు కోరే సమన్లు పంపుతాడు. అవి అందాక మళ్లీ 10 రోజులు. ఆలోగా దావాను ఎదుర్కొనేందుకు అనుమతి కోరకపోతే డిక్రీయే. తగిన కారణం చూపితే కోర్టు ఆలస్యాన్ని మన్నించగలదు. డిక్రీ అయ్యాక దాన్ని రద్దు చేయించుకోవాలంటే మాత్రం ప్రత్యేక పరిస్థితులతో పాటు తన వాదనలో పస ఉందనీ చూపాలని సుప్రీంకోర్టు 2003లో తేల్చింది.

అనుమతి కోరుతూ ప్రతివాది వేసే అఫిడవిట్‌లో ‘నాకు బాకీ లేదు’ అంటే చాలదు. నోటు మీద సంతకం తనదో కాదో తేల్చి చెప్పాలి. తనదే అయితే సొమ్ము ముట్టినట్టే చట్టం భావిస్తుంది. ముట్టలేదని చూపే భారం అతనిదే. ఖాళీ నోటు మీద సంతకం పెట్టించుకున్నారంటే ఎప్పుడు, ఏ లావాదేవీకి, ఎవరి ఎదుట అన్నది రాయాలి. దావా వేసే గడువైన మూడేళ్లు దాటిన నోటైతే తిప్పి చూడండి. గడువుకు నాలుగు రోజుల ముందు 1,000 రూపాయల చెల్లు (కొంత సొమ్ము కట్టినట్టు రాత) కనిపిస్తే, దానితో గడువు మళ్లీ మొదలవుతుంది కనుక, దాని కింద సంతకం ఎవరిదన్న దగ్గరే కేసు తిరుగుతుంది.

ఇంకో చిక్కుంది. 2 లక్షల దావాలో ‘60 వేలు కట్టాను, మిగతాది ఇవ్వాలి’ అని రాస్తే, ఒప్పుకున్న 1.40 లక్షలు కోర్టులో జమ చేస్తేగానీ అనుమతి రాదు. నిజమైతే రాయాల్సిందే, డబ్బు సిద్ధం చేసుకుని. కట్టిన 60 వేలకు బ్యాంకు స్టేట్‌మెంటో, ఫోన్‌పే వివరాలో జతపరచాలి.

అనుమతి కోర్టు పెట్టే భిక్ష కాదు. వాదనలో పస లేకపోతేనో, అది వేధింపు కోసమైతేనో తప్ప కాదనరాదని 1976 సవరణ చెబుతోంది. ప్రతివాది నిజాయతీ మీద అనుమానం ఉంటే సొమ్ము జమ చేయమనో, పూచీ ఇవ్వమనో షరతు పెట్టవచ్చునని 2016లో సుప్రీంకోర్టు వివరించింది. అనుమతి ఇవ్వడమే రివాజు, నిరాకరణ మినహాయింపేనని 2022లో మరోసారి చెప్పింది.

అప్పిచ్చినవాడు ఏళ్ల తరబడి కోర్టు మెట్లు ఎక్కకూడదన్నదీ న్యాయమే; ఈ ఆర్డర్ పుట్టింది అందుకే. మేము అడిగేది ఒక్క కాగితం. రెండు గడువులనూ, వేయాల్సిన పత్రాలనూ వాడుక తెలుగులో పెద్దక్షరాలతో అచ్చువేసి సమన్లకు జతచేయాలి. చిత్తూరు, తిరుపతి న్యాయవాదులు, న్యాయ సేవాధికార సంస్థ కలిసి కూర్చుంటే ఒక్కరోజు పని. అడుగున న్యాయ సహాయ హెల్ప్‌లైన్ 15100 నంబరు, మహిళలకూ ఎస్సీ ఎస్టీలకూ ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా వకీలును పెడతారన్న మాట కూడా ఉండాలి.