ట్రేని కాస్త కదలనివ్వండి బాబూ!

కరెంటు కేబుళ్లని మోసే రేకు దారినే కేబుల్ ట్రే అంటాం. మన సైట్లలో ఆ పనికి గౌరవం తక్కువ. ట్రాన్స్‌ఫార్మర్ అంటే పెద్ద ఇంజనీరు దిగుతాడు, ప్యానెల్ అంటే కంపెనీ మనిషి వస్తాడు. ట్రే దగ్గరికొచ్చేసరికి "రేకే కదా, బిగించెయ్" అంటారు. ఆ "బిగించెయ్" దగ్గరే నా గొడవంతా.

ఎండకు ఇనుము సాగుతుందని బడిపిల్లాడికి కూడా తెలుసు. ఎంత సాగుతుందో లెక్క వేసేవాళ్లే కరువు. రామగుండం వైపు ఆరుబయట పైప్ ర్యాక్ (పైపులు మోసే చట్రం) మీద వెళ్లే ట్రే సంగతే చూడండి. మే నెలలో గాలి వేడే 45 దాటే రోజులుంటాయి. నేరుగా ఎండ కొట్టే రేకు 65 దాకా పోతుంది, చెయ్యి పెట్టలేం. చలికాలం తెల్లవారుజామున అదే రేకు 10 దగ్గర ఉంటుంది. తేడా 55 డిగ్రీలు. ఉక్కు ఒక్కో డిగ్రీకి మీటరుకు 0.012 మిల్లీమీటర్లు సాగుతుంది కాబట్టి, 100 మీటర్ల జీఐ (జింకు పూత వేసిన ఉక్కు) ట్రేకి 66 మిల్లీమీటర్లు. దాదాపు బెత్తెడు. అల్యూమినియం ట్రే అయితే దానికి రెట్టింపు.

సాగే దారి లేకుండా రెండు చివర్లా గట్టిగా పట్టేస్తే ఏమవుతుందో కూడా చెప్తాను. 40 డిగ్రీలు పెరిగితే చాలు, ఉక్కులో చదరపు మిల్లీమీటరుకు సుమారు 96 న్యూటన్ల ఒత్తిడి పుడుతుంది. 100 మిల్లీమీటర్ల ఎత్తు, 2 మిల్లీమీటర్ల మందం ఉన్న మామూలు ల్యాడర్ (నిచ్చెనలాంటి) ట్రేకి రెండు పక్క రెయిల్స్ కలిపి ఓ 600 చదరపు మిల్లీమీటర్ల ఉక్కు ఉంటుంది. అంటే ఐదున్నర టన్నుల పైచిలుకు తోపుడు! అంత తోపుడు పూర్తిగా రాకముందే ఏదో ఒకటి లొంగిపోతుంది. రెయిల్ పక్కకి పాములా వంకర తిరుగుతుంది, లేదా బ్రాకెట్ వెల్డింగ్ చిట్లుతుంది, లేదా ట్రే ముక్కల్ని కలిపే కప్లర్ ప్లేటు బోల్టు తన రంధ్రాన్ని కోడిగుడ్డు ఆకారంలో సాగదీస్తుంది. మూడూ ఒకే లైనులో చూసినవాణ్ణి కాబట్టే ఇంత కడుపుమంట.

ఇక్కడ ఒక తెలివైన ప్రశ్న వస్తుంది. "రైలు పట్టాలు కిలోమీటర్ల కొద్దీ వెల్డ్ చేస్తున్నారుగా, వాటికి లేని బాధ మీ ట్రేకెందుకు?" చేస్తున్నారు, నిజమే. కానీ ఆ పట్టాని బరువైన స్లీపర్లు, వాటి చుట్టూ నింపిన కంకర కదలకుండా పట్టుకుంటాయి. ఫలానా ఉష్ణోగ్రత దగ్గర ఒత్తిడి లేకుండా ఉండేలా చూసి మరీ బిగిస్తారు. పొడవాటి పట్టా చివర్లో కదలడానికి వేరే జాయింట్ కూడా పెడతారు. మన 2 మిల్లీమీటర్ల రేకుని పట్టి ఉంచేది రెండు మీటర్లకో యాంగిల్ ముక్క. పోలికెక్కడ?

సరే, ఎక్స్‌పాన్షన్ ప్లేటు (ట్రే ముక్కలు జారేలా పొడవాటి స్లాట్లతో కలిపే ప్లేటు) వేశాం అంటారు. సంతోషం. కానీ ప్లేటు ఒక్కటే వేస్తే పని అయినట్టు కాదు. రెండు ఎక్స్‌పాన్షన్ జాయింట్ల మధ్య ఉన్న ట్రేని నడిమధ్య సపోర్ట్ దగ్గర ఒక్కచోటే గట్టిగా పట్టాలి. మిగతా సపోర్టుల దగ్గర గైడ్ క్లాంపులు పెట్టాలి. అవి ట్రేని పైకి లేవనివ్వవు, పక్కకి పోనివ్వవు, పొడవునా మాత్రం జారనిస్తాయి. జాయింట్‌కి అటూ ఇటూ రెండడుగుల లోపు సపోర్ట్ ఉండాలి, లేకపోతే ఆ బలహీనమైన చోట ట్రే కుంగుతుంది. స్లాట్‌లో బోల్టుని చేత్తో బిగించి, నట్టుని కాస్త వెనక్కి తిప్పి వదలాలి.

మన దగ్గర జరిగేదేంటి? ప్రతి సపోర్ట్ దగ్గరా ట్రేని యాంగిల్‌కి టకటకా వెల్డ్ కొట్టేస్తారు. జింకు పూత కాలిపోయి తుప్పుకు తలుపు తెరిచినట్టవుతుంది, అది వేరే ఏడుపు. అన్ని చోట్లా వెల్డ్ అయిపోయాక ఆ ఎక్స్‌పాన్షన్ ప్లేటు అలంకారానికే.

ఒక సైట్లో ఫిట్టర్ పద్ధతిగా నట్లు వదులుగా ఉంచితే, తనిఖీకి వచ్చినాయన ఊపి చూశాడు. "ఏంటయ్యా ఇది, లూజుగా ఉంది?" "సార్, ఇది ఎక్స్‌పాన్షన్ ప్లేటండీ, ఇలాగే ఉండాలి." "చెక్‌లిస్టులో బోల్టులన్నీ టైట్ అని రాయాలి, నన్నిప్పుడు ఏం రాయమంటావ్? బిగించు." బిగించాడు. ఆ చెక్‌లిస్టు తయారుచేసినవాళ్లకో నమస్కారం. పని తెలిసినవాడు ఫిట్టర్, సంతకం మాత్రం తెలియనివాడిది.

జాయింట్ దగ్గర రెండు ట్రే ముక్కల మధ్య వదిలే గ్యాప్ సంగతి ఇంకా ఘోరం. డ్రాయింగ్‌లో "25 మి.మీ. గ్యాప్" అని ఒక్క ముక్క రాసి వదిలేస్తారు. ఏ వేడి దగ్గర 25? మన 10 నుంచి 65 లెక్కలో, 25 మిల్లీమీటర్ల కదలికకి జీఐ ట్రేలో 38 మీటర్లకో జాయింట్ పడుతుంది. రేకు 15 డిగ్రీల దగ్గరున్నప్పుడు బిగిస్తే గ్యాప్ 23 దాకా వదలాలి. 40 దగ్గర 11 చాలు. మిట్టమధ్యాహ్నం రేకు 60 దగ్గరుంటే 2 మిల్లీమీటర్లే. ఎండలో 25 వదిలితే చలికాలానికి అది 48 దగ్గరికి పోయే ప్రయత్నం చేస్తుంది, స్లాట్ సరిపోక బోల్టుని లాగుతుంది. చూడాల్సింది గాలి ఉష్ణోగ్రత కాదు, రేకుది. ఇప్పుడు థర్మామీటర్ గన్ లేని సైట్ లేదు. జేబులోంచి తీసి ఒక్కసారి రేకు మీద పెట్టడానికి బద్ధకం.

జాయింట్‌కి అటూ ఇటూ ఉన్న ట్రే ముక్కల ఎర్త్‌ని కలిపే తీగ, ఎర్త్ జంపర్ కూడా అంతే. జాయింట్ దాటించే చోట కాస్త వంపుతో వదలాల్సిన తీగని వీణ తంత్రిలా లాగి బిగిస్తారు. ట్రే ముడుచుకోగానే తీగ చివరుండే లగ్ ఊడుతుంది, ఎర్త్ కంటిన్యుటీ గోవిందా. కేబుళ్లకీ ఆ చోట కొంచెం స్లాక్ ఉండాలి. కేబుల్‌ని ట్రేకి పట్టి ఉంచే టైలు, క్లీట్లు జాయింట్‌ని ఆనుకుని బిగిస్తే ఆ కదలికంతా కేబుల్ తొడుగు మీద రాపిడిగా దిగుతుంది.

ఇదంతా అన్నిచోట్లా చెయ్యమని నేననను. ఏసీ భవనంలో 50 మీటర్ల ట్రే పది డిగ్రీల తేడాకి సాగేది 6 మిల్లీమీటర్లు, ప్రతి కప్లర్ రంధ్రంలో ఉండే కాస్త వదులే దాన్ని మింగేస్తుంది. అలాంటి చోట ఎక్స్‌పాన్షన్ జాయింట్లు కావాలని ఆర్డర్ పెడితే డబ్బు దండగ. కానీ ట్రే భవనం ఎక్స్‌పాన్షన్ జాయింట్‌ని దాటుతుంటే మాత్రం ఏసీ ఉన్నా లేకపోయినా వెయ్యాల్సిందే. అక్కడ కదిలేది బిల్డింగు.

అసలు రోగం బీఓక్యూలో, అంటే టెండర్‌లో పనులూ కొలతలూ రాసే పట్టీలో ఉంది. "ట్రే, యాక్సెసరీలతో సహా, మీటరుకి ఇంత" అని రాస్తారు. కాంట్రాక్టర్ మీటర్లు చూసుకుంటాడు, గైడ్ క్లాంపులు ఆ "యాక్సెసరీల" గుంపులో తప్పిపోతాయి. వెల్డింగ్ రాడ్ క్లాంపు కంటే చవక, ఇక వాడు ఏది ఎంచుకుంటాడో చెప్పాలా? టెండర్ రాసే అన్నలారా, ఎక్స్‌పాన్షన్ ప్లేటు, గైడ్ క్లాంపు, ఫ్లెక్సిబుల్ జంపర్, ఈ మూడింటికీ నంబర్లు వేసి విడివిడి ఐటమ్‌లు పెట్టండి. ఎక్కడ గట్టిగా పట్టాలో, ఎక్కడ జారనివ్వాలో లేఅవుట్ డ్రాయింగ్‌లో గుర్తులు వేయించండి. ఆ చెక్‌లిస్టులో "బోల్టులన్నీ టైట్" అన్న లైను పక్కన "ఎక్స్‌పాన్షన్ జాయింట్లు మినహా" అని రాయండి, మా ఫిట్టర్‌కి ఇంకోసారి ఆ తిట్లు తప్పుతాయి.