దాడికి గురైన అమ్మాయే క్షమాపణ చెప్పింది

2019 జనవరి 10. జపాన్‌లోని నీగతాలో ఎన్‌జీటీ48 అనే పాప్ పాటల అమ్మాయిల బృందం తమ థియేటర్ మూడో వార్షికోత్సవం జరుపుకుంటోంది. బృందంలోని యామగుచి మాహో స్టేజీ మీదకొచ్చి, అందరినీ ఇబ్బంది పెట్టినందుకు క్షమించమంటూ తల వంచింది. ఇంతకీ ఆమె చేసిందేంటి? నెల రోజుల కిందట ఇంటి గుమ్మం దగ్గరే ఇద్దరు మగవాళ్లు ఆమెను ముఖం పట్టుకుని అడ్డగించారు. బృందాన్ని నడిపే కంపెనీ నోరు మెదపకపోతే ఏడుస్తూ లైవ్‌లో ఆ సంగతి తనే బయటపెట్టింది.

ఈ వ్యాపారం తీరు తెలిస్తేగానీ ఆ క్షమాపణ అర్థం కాదు. 2005 డిసెంబరులో టోక్యోలోని అకిహబారాలో 250 మంది పట్టే థియేటర్‌లో ఎన్‌జీటీ48కి అక్కలాంటి బృందం ఏకేబీ48 మొదలైంది. నిర్మాత అకిమోతో యాసుషి పట్టుకొచ్చిన మాట 'మీరు వెళ్లి కలవగలిగే ఐడల్స్', అంటే అభిమానులు ఆరాధించే యువ కళాకారులు. సీడీ కొంటే లోపల కరచాలనం టికెట్ ఉండేది. ఒక టికెట్‌కు కొన్ని సెకన్లే. టైమ్ అవగానే వెనక నిలబడ్డ మనిషి భుజం పట్టి పక్కకు జరిపేవాడు. అతన్ని అభిమానులు 'హగాషి' అనేవారు, అంటే అంటుకున్నదాన్ని ఊడదీసేవాడని. ఇంకాసేపు మాట్లాడాలంటే ఇంకో సీడీ కొనాల్సి వచ్చేది. 2009 నుంచి 2018 దాకా అభిమానులు సభ్యుల ర్యాంకులు తేల్చేందుకు ఏటా జరిగిన 'ఎన్నికల్లో' ఓట్లు కూడా ఎక్కువగా సీడీలతోనే వచ్చేవి.

ఆ క్యూలో నిలబడ్డవాళ్లను నేను తక్కువగా చూడలేను. వారమంతా ఆఫీసులో నలిగి వచ్చిన మనిషిని ఒకమ్మాయి గుర్తుపట్టి పలకరిస్తే, ఆ సంతోషం నిజమైనదే. కానీ ఆ చనువును సెకన్ల లెక్కన అమ్ముకున్నది కంపెనీ. దాని బరువు మోస్తున్నది అమ్మాయిలు. ఐడల్స్ ఎవరినీ ప్రేమించకూడదన్న నిబంధన వెనక ఉన్నదీ అదే.

2013లో ఏకేబీ48 సభ్యురాలు మినెగిషి మినామి ఒక యువకుడి ఇంట్లో రాత్రి గడిపిందని ఓ వారపత్రిక రాసింది. ఆమెకు 20 ఏళ్లు. గుండు చేసుకుని, వెక్కి వెక్కి ఏడుస్తూ వీడియోలో క్షమాపణ చెప్పింది. అయినా ఆమెను మళ్లీ ట్రైనీ స్థాయికి దించేశారు. కోర్టులూ ఒక్క మాట మీద లేవు. డేటింగ్ చేసినందుకు వేరే బృందంలోని ఓ 17 ఏళ్ల అమ్మాయి తన కంపెనీకి నష్టపరిహారం కట్టాలని 2015లో టోక్యో జిల్లా కోర్టు తీర్పిచ్చింది. కొన్ని నెలలకే, 2016 జనవరిలో, ఇలాంటి మరో కేసులో అదే కోర్టు ఓ కంపెనీ దావాను కొట్టేసింది.

2014 మేలో ఇవాతెలో కరచాలన వేదిక దగ్గర ఒకడు రంపంతో ఇద్దరు ఏకేబీ సభ్యులను గాయపరిచాక మెటల్ డిటెక్టర్లు వచ్చాయి. ఇంటికెళ్లే దారిలో అమ్మాయికి ఎవరు తోడుంటారన్న ప్రశ్న మాత్రం అలాగే ఉండిపోయింది.

యామగుచిపై దాడి కేసులో పట్టుబడ్డ ఇద్దరి మీదా అభియోగాలు మోపలేదు. 2019 మేలో ఆమే బృందం వదిలి వెళ్లిపోయింది. ఐడల్ బయటికెళ్తే అక్కడ 'గ్రాడ్యుయేషన్' అంటారు. ఆమె విషయంలో ఆ మాట నాకు మింగుడుపడదు.